గుర్వయ్య నేసిన రుమాలు

దశరథ వాళ్ళ తాత గుర్వయ్య తన జన్మలో ఎన్ని తేలియా రుమాళ్ళు నేశాడో ఆయనకే గుర్తుండేది కాదు. అమ్మకుండా ఇంట్లో ఉంచుకున్నది మాత్రం ఒక్కటే. దాన్ని ఇనప పెట్టెలో అడుగున పెట్టి, పైన పాత బట్టలు కప్పి, ఏళ్ళ తరబడి దాని ఊసే ఎత్తలేదు. పోయే ముందు కొడుకునీ, అప్పటికి పదిహేనేళ్ళున్న మనవణ్ణీ పిలిచి రెండు మాటలు చెప్పాడు.

“పడుగు నిలువు పెట్టి చూస్తే పొద్దు సాగుతది. పేక నిలువు పెట్టి చూస్తే పొద్దు పోతది. మొదటిది చేస్తే చేయుండ్రి. రెండోది మాత్రం చెయ్యకుండ్రి.”

కొడుకు బయటికి వెళ్ళి నవ్వుకున్నాడు. మనవడు దశరథ మాత్రం మంచం దగ్గరే కూర్చుండిపోయాడు. “నీకెట్ల ఎర్క తాతా?” అన్నాడు.

“ఒకసారి తప్పు పెట్టి చూసిన. అప్పుడు జొన్నలు ఇత్తుతున్నరు. మళ్ళ నేను చూసేసరికి కంకులు కోస్తున్నరు. నడుమ మా మరదలు పెండ్లి అయిందట. నేను పోయిన్నట, లడ్డూలు తిన్ననట, బామ్మర్దితోని కొట్లాడిన్నట. అందరు చెప్పిండ్రు. నాకు ఆ లడ్డు తీపి తెల్వదు, ఆ కొట్లాట కారణం తెల్వదు. నా పెయ్యి, ఈ ఒళ్ళు, పోయి వచ్చింది, నేను పోలే.”

ఇక్కడ రుమాలు సంగతి కొంచెం చెప్పాలి, లేకపోతే తర్వాతది అర్థం కాదు. మగ్గం మీద నిలువునా బిగించి ఉంచే దారాలు పడుగు. నాడె అనే చిన్న పడవలాంటి కర్రలో కూర్చుని అటూ ఇటూ పరుగెత్తే దారం పేక. మామూలు బట్ట నేశాక దానిమీద పూలు అచ్చేస్తారు. వీళ్ళ పని అట్లా కాదు. నేయకముందే పడుగుకీ పేకకీ కొలత ప్రకారం ముడులు కట్టి రంగులో ముంచుతారు. నేసేటప్పుడు పడుగులో ఉన్న పువ్వు మీద పేకలో ఉన్న పువ్వు వచ్చి కూర్చోవాలి. వెంట్రుకవాసి తప్పినా పువ్వు చెదిరిపోతుంది. అట్లా నేసిన రుమాలు నలుచదరంగా ఉంటుంది, ముందూ వెనకా ఒక్కటే, పొడవూ వెడల్పూ ఒక్కటే. నాలుగు అంచులూ మడిచి కుట్టేశాక ఏది పడుగో ఏది పేకో కంటితో చెప్పడం ఎవరి తరమూ కాదు. వేలితో చెప్పాలి. తన బొటనవేలు ఏనాడూ తప్పు చెప్పలేదని దశరథకి గొప్ప.

తాత చెప్పిన మాట నలభై ఏళ్ళకి పైగా అతనికి అవసరం పడలేదు. మర్రిగూడ అవతల ఒక ఊళ్ళో అతనికి ఒక గుంట మగ్గం ఉంది, భార్య ఆండాళు ఉంది, నల్గొండలో ఒక బళ్ళో టీచరుగా పనిచేసే కూతురు సంధ్య ఉంది. పొద్దు చాలకపోవడమే తప్ప పొద్దు గురించి ఆలోచించే తీరిక లేదు. తెలంగాణ వచ్చిన ఆరో ఏడు, పత్తి మొలకెత్తే రోజుల్లో, ఆండాళు కడుపులో గడ్డ ఉందని బయటపడింది. నల్గొండ చూపించారు, పట్నం చూపించారు. పట్నంలో డాక్టరు సంధ్యని పక్కకి పిలిచి చెప్పాడు, సంధ్య తండ్రికి చెప్పింది. నెల రోజులు. దేవుడు దయతలిస్తే ఇంకో వారం.

నొప్పికి గోలీలు ఇచ్చారు. ఆరు గంటలకి ఒకటి, అంతకుమించి ఇవ్వొద్దన్నారు.

ఇంటికి వచ్చిన రోజు దశరథ గుంట మగ్గంలో కాళ్ళు పెట్టుకుని కూర్చున్నాడు గానీ నేయలేదు. పెళ్ళయి ముప్పై నాలుగేళ్ళు. ఆ ముప్పై నాలుగేళ్ళూ అతను గుంటలో, ఆమె గుమ్మం పక్కన ఆసు దగ్గర. ఆసు అంటే అరచందమామలా మేకులు దిగ్గొట్టిన చెక్క. పేక దారాన్ని ఒక్కో మేకుకీ తిప్పుతూ చెయ్యి రోజుకి వేలసార్లు అటూ ఇటూ పోవాలి. అతనికి ఆమె వీపు, ఆమెకి అతని వీపు. మగ్గం కొడుతుంటే మాట వినబడదు, మగ్గం ఆగితే అన్నం తిని పడుకోవడమే. ఇప్పుడు చూసుకుంటే ఆమెతో చెప్పాల్సినవి కుప్పలుగా ఉన్నాయి, చేతిలో నెల ఉంది. దశరథకి ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. ఎవరి మీదో తెలియని ఆ కోపంతోనే లేచి ఇనప పెట్టె తీశాడు.

అన్నేళ్ళయినా రుమాలు, రంగుకి ముందు నూలుకి పట్టించిన నూనె వాసన వేస్తూనే ఉంది. ఎరుపు, నలుపు, తెలుపు. చదరంలో చదరం, దానిలో ఇంకో చదరం, చివరికి నడిమధ్యలో నువ్వుగింజంత నల్లచుక్క. ఈ నేతలో ఏ బొమ్మకీ అంచు కచ్చితంగా ఉండదు, రంగు పక్క దారంలోకి కాస్త జారి ఆగుతుంది. ఈ రుమాలులో ఆ జారడం ఇంకా ఆగలేదు. కళ్ళు నిలిపి చూస్తే ఎరుపు నెమ్మదిగా నలుపులోకి జరుగుతూనే ఉంది. దశరథ కళ్ళు పక్కకి తిప్పుకున్నాడు. బొటనవేలితో రెండువైపులా రాసి చూశాడు. మగ్గం మీద బిగిసి దెబ్బలు తిన్న పడుగు గట్టిగా ఉంటుంది, పేక మెత్తగా ఉంటుంది. పడుగు నిలువు వచ్చేట్టు గోడకి కొట్టి, దాని ముందు కూర్చున్నాడు.

పక్కింటి అంజయ్య మగ్గం చప్పుడు ఆగిపోయింది. చాయ్‌కి లేచాడేమో అనుకున్నాడు. చాలాసేపటికి ఒక్క దెబ్బ వినిపించింది. మళ్ళీ ఏమీ లేదు. ఆ నిశ్శబ్దంలో దశరథ తన పెళ్ళిరోజు మొత్తం, పొద్దున నలుగు పెట్టిన దగ్గరనుంచి సాయంత్రం అప్పగింతల దాకా, తీరిగ్గా తలచుకున్నాడు. అప్పుడు అంజయ్య రెండో దెబ్బ కొట్టాడు. దశరథ ముందున్న చాయ్ గ్లాసు మీద ఒక ఈగ వాలబోతూ ఉంది, ఇంకా వాలలేదు. అతనికి భయం వేసింది. ఆ భయం పూర్తిగా పోకముందే సంతోషం వచ్చింది. ఇంట్లో మనిషి చావుబతుకుల్లో ఉండగా రాకూడనంత సంతోషం.

అదే రోజు రుమాలుని ఆండాళు మంచం ఎదురు గోడకి మార్చాడు.

తాత చెప్పిన రెండు మాటలూ ఆమెకి చెప్పి, “నెల అన్నరు గద,” అన్నాడు. “నేను దాన్ని పదేండ్లు చేస్త.”

ఆండాళు మొదట నమ్మలేదు. తర్వాత రుమాలు వైపు చూసి, కాసేపటికి కిటికీలోంచి బయటికి చూసి, ఎగురుతూ ఆగిపోయిన పిచ్చుకని చూసి నమ్మింది. “నీకు సంబురమైతే గట్లనే కానీ,” అంది.

ఆ రోజునుంచి పొద్దున్నే ఇద్దరూ రుమాలు చూసేవారు. ఊరికే చూసేవాళ్ళకి అది ఉత్త రుమాలే, నల్లచుక్క మీద కళ్ళు నిలిపి చూసినవాళ్ళకి ఆ రోజంతా, మళ్ళీ నిద్రపోయేదాకా, పొద్దు సాగేది. వాళ్ళిద్దరి మధ్య మాటలు మామూలుగానే నడిచేవి, చుట్టూ లోకం మాత్రం నత్తనడక నడిచేది. దశరథ చెప్పుకున్నాడు, చెప్పుకున్నాడు. పెళ్ళిచూపుల్లో ఆమె కాళ్ళు మాత్రమే చూశానన్నాడు. మక్తల్ అంగడికి పోయినప్పుడు దారి తప్పిన కథ చెప్పాడు. సంధ్యకన్నా ముందు పుట్టి పదకొండో రోజున పోయిన మగబిడ్డ గురించి ముప్పై ఏళ్ళుగా ఆ ఇంట్లో ఎవరూ మాట్లాడలేదు. దాని గురించి కూడా మాట్లాడాడు, ఏడ్చాడు. ఆండాళు అతని తల మీద చెయ్యి వేసింది. ఆ చెయ్యి అక్కడ ఒక రోజంతా ఉన్నట్టనిపించింది అతనికి. గడియారం చూస్తే పావుగంట.

సంధ్య సెలవు పెట్టి వచ్చి ఇంట్లోనే ఉంటోంది. రుమాలు సంగతి ఆమెకి చెప్పలేదు. ఒకరోజు అంది, “నాయినా, మీరిద్దరు పొద్దంత ఒక్క ముచ్చటన్న ఎందుకు పెట్టుకోరు? ఊకె గోడ దిక్కు చూస్కుంట కూసుంటరు.”

ఆ ఉదయమే వాళ్ళు, ఆమె చెవికి అందనంత వేగంగా, ఆరేళ్ళ కబుర్లు చెప్పుకున్నారు. దశరథకి నవ్వొచ్చింది. ఎవరికీ దొరకనిది తనకి దొరికిందని లోలోపల మురిసిపోయాడు. ఆండాళు మాటలు రోజురోజుకీ తగ్గుతున్నాయి, “గంట ఎంతయింది?” అని అడగడం పెరుగుతోంది. నీరసం అనుకున్నాడు. తను చెబుతుంటే వింటోంది కదా అనుకున్నాడు. చెప్పేవాడికి ఎదుటివాళ్ళ మౌనం ఎప్పుడూ మెప్పులాగే ఉంటుంది.

తొమ్మిదో రోజు గోలీలు అయిపోవస్తే నల్గొండ వెళ్ళి తెచ్చాడు. మధ్యాహ్నం తిరిగొచ్చి, కాళ్ళు కడుక్కుని, అలవాటు ప్రకారం ముందు కళ్ళు దించుకుని రుమాలు అంచుని వేలితో రాశాడు. మెత్తగా తగిలింది. అడ్డంగా రాశాడు. గట్టిగా తగిలింది. కళ్ళు మూసుకుని వెనక్కి రెండడుగులు వేశాడు.

“ఎవరు మలిపిండ్రు దీన్ని?”

ఆండాళుకి ఒళ్ళు తుడవడానికి వచ్చే సైదమ్మ బకెట్ పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉంది. “వదినె చెప్తేనే మలిపిన అన్నా. నాకేం ఎర్క,” అని మెల్లగా తప్పుకుంది.

“ఆమెననకు. నేనే మలిపిచ్చిన,” అంది ఆండాళు మంచంలోంచి. “ఇంకా చూడలే. నీకు చెప్పి చూద్దామని ఆగిన.”

“ఏది పడుగో ఏది పేకో నీకెట్ల తెలిసింది?”

“జన్మంత పేకకు ఆసు పోసినదాన్ని. నీకే ఉన్నాయా వేళ్ళు?”

దశరథ ఆమె పక్కన కూర్చున్నాడు. రుమాలుకి వీపు పెట్టి కూర్చున్నాడు. ఆండాళు కాసేపు ఊపిరి కూడదీసుకుంది.

“ఇగో, ఇను. గోలీ నాలుగు గంటలు పనిచేస్తది. ఆరు గంటలకొకటి ఇయ్యమన్నరు. నడుమ రెండు గంటలు. నీ రుమాలు చూసినకాన్నుంచి ఆ రెండు గంటలు నాకెన్ని దినాలైతున్నయో ఎర్కనా నీకు?”



“మొదట్ల లెక్క పెట్టిన. ఒకసారి పన్నెండు దినాలైంది. తర్వాత లెక్క పెట్టుడు బంద్ చేసిన. నువ్వు మక్తల్ ముచ్చట చెప్తున్నవు, నేను గడియారం ముల్లు చూస్తున్న. అది కదులది. కడుపుల కత్తి పెట్టి తిప్పినట్టు ఉంటది, అది ఆగది.”

“మరి చెప్పొద్దా ఆండాళూ? ఒక్క మాట చెప్పొద్దా?”

“ముప్పై నాలుగేండ్లల నువ్వు నాతోని గంత మాట్లాడింది ఎన్నడు?” అంది ఆండాళు. “నిన్ను ఆపబుద్ధి కాలే.”

దశరథ తల నేలకేసి కొట్టుకోవాలనుకున్నాడు. ఆమెకి నెల ఉందన్నారు. ఆ నెలని లాగి లాగి పొడవు చేశాడు, అందులో నొప్పి కూడా ఉంటుందన్న ఆలోచన ఒక్కసారైనా రాలేదు. వచ్చి ఉంటే ఆపేవాణ్ణా అని తనని తాను ప్రశ్నించుకున్నాడు. జవాబు వెంటనే రాలేదు, అందుకు తన మీద తనకే అసహ్యం వేసింది.

“తీసేస్త. ఇప్పుడే తీసి పొయ్యిల పెడ్త.”

“వద్దు. గట్లనే ఉండనీ. ఇంక మూడు వారాలున్నది. ఎట్లున్నదాన్ని అట్ల భరించుడు కూడ నాతోని కాదు.” ఆమె చెయ్యి చాచి అతని చెయ్యి అందుకుంది. “నేను చూస్త. నువ్వు చూడకు. నాకు చూడంగనే అయిపోవాలె. నువ్వు మాత్రం ఉండు. నా నోట్ల నుంచి ఏమొస్తదో, నేను ఏమంటనో, నాకైతే తెల్వది. నువ్వన్న యాదుంచుకో. ఇద్దరం లేకపోతే ఎట్ల?”

అతను ఆమె చేతిలో చెయ్యి వేసి ఒట్టు పెట్టాడు. ఆండాళు అతని ముఖం ఒకసారి బాగా చూసుకుని, తల తిప్పి గోడ వైపు చూసింది.

ఏమీ జరగలేదు. అదే భయంకరంగా ఉంది. ఆమె కళ్ళు మారలేదు, గొంతు మారలేదు. జావ తాగింది. జావలో ఉప్పు లేదని సైదమ్మని కసిరింది. సంధ్యని సెలవు ఎన్ని రోజులుందని అడిగింది. సాయంత్రం దశరథ ఆమె మీదికి వంగి, “ఆండాళూ, ఉన్నవా?” అన్నాడు.

“యాడికి పోత?” అంది, ఎప్పటిలాగే కాస్త విసుగ్గా.

ఆ మాట అన్నది ఎవరో అతనికి తెలియదు. అతని ఆండాళు అప్పటికే రోజులు దాటి ఎక్కడో ముందుకి పోయింది. ఇక్కడ మిగిలింది ఆమె పెయ్యి, ఆమె కోపం, ఆమె నవ్వు, అన్నీ ఉన్నాయి, వాటి లోపల కూర్చుని చూసేది మాత్రం లేదు. దశరథ ఆమెకి చెంచాతో జావ తాగించి, మూతి తుడిచాడు.

నాలుగు రోజులు మాట మీద నిలబడ్డాడు. గోడకి ఎప్పుడూ వీపు పెట్టి కూర్చునేవాడు, ఆ గదిలోకి తల వంచుకుని వెళ్ళి తల వంచుకుని వచ్చేవాడు. గోలీ బలం తగ్గాక నొప్పి వచ్చేది. ఆమె మోకాళ్ళు కడుపులోకి ముడుచుకుని మూలిగేది. ‘ఆమెకి తెలియదు, ఆమెకి తెలియదు’ అని లోపల జపం చేసుకునేవాడు. అయితే అతని చెయ్యి నలిపేది ఆమె చెయ్యే. మూలిగేది ఆమె గొంతే. ఆమె తప్పించుకుంది, ఆ రెండు గంటలూ ఇప్పుడు అతనివి.

అయిదో రోజు పొద్దున నొప్పి ముందెప్పుడూ లేనంతగా వచ్చింది. ఆమె ముఖం గుర్తుపట్టలేనట్టు అయిపోయింది. దశరథ ఆ ముఖం చూడలేకపోయాడు. తల తిప్పుకున్నాడు. తల తిప్పితే గోడ ఉంటుందని అతనికి తెలుసు. పొరపాటున చూశానని తర్వాత ఎవరికైనా చెప్పుకోవచ్చు. పొరపాటు కాదు. ఎరుపు నలుపులోకి జారుతోంది, నడిమధ్య నల్లచుక్క దగ్గరికి వచ్చింది. అంజయ్య మగ్గం దెబ్బలన్నీ కలిసిపోయి ఒకటే హోరు అయింది.

నెత్తిమీద చల్లటి నీళ్ళు పడ్డాయి.

అతను పొలంలో బోరు కింద నిలబడి ఉన్నాడు. తల తడుముకుంటే నున్నగా ఉంది, జుట్టు లేదు. తడిపంచె కాళ్ళకి చుట్టుకుంది. ఎదురుగా పత్తి మోకాలెత్తు పెరిగింది. కాస్త దూరంలో చుట్టాలు, పంతులు, విస్తరాకులు. సంధ్య తుండుగుడ్డ పట్టుకుని నిలబడి ఉంది. చెంపలు లోపలికి పోయాయి.

“అమ్మకెట్లుంది బిడ్డా?” అన్నాడు.

సంధ్య అతని ముఖంలోకి చూసింది. “నాయినా, ఏమైంది నీకు? ఇయ్యాల అమ్మ పదో దినం.”

దశరథ బోరు గొట్టం పట్టుకున్నాడు. కూతురికి అనుమానం రాకుండా ఒక్కొక్కటీ అడిగాడు, ఆమె భయపడుతూ ఒక్కొక్కటీ చెప్పింది. తను గోడ వైపు చూసిన ఆరో రోజు మధ్యాహ్నం ఆండాళు పోయింది. చుట్టాలందరికీ ఫోన్లు చేసింది అతనే. పాడె మోసింది అతనే. సంధ్య కుప్పకూలితే ఎత్తి గుండెకి హత్తుకుని ధైర్యం చెప్పింది కూడా అతనేనట.

“గోడకున్న రుమాలు?”

“నువ్వే అమ్మ మీద కప్పినవు. చానసేపు అంచులు వేలితోని రాసి రాసి చూసి, గప్పుడు కప్పినవు. కాష్టంల కాలిపోయింది.”

“ఏ దిక్కు పెట్టి కప్పిన?”

“అదేం అడుగుడు నాయినా, నాకేం తెలుస్తది.”

అతను తల ఊపాడు. అసలు అడగాల్సింది ఇంకా మిగిలే ఉంది. 

“ఆఖరుకు అమ్మ ఏమన్న అన్నదా?”

సంధ్య కళ్ళు తుడుచుకుంది. “ఆ పొద్దు అమ్మకు నొప్పి లేకుండె. మంచిగ మొఖం పెట్టింది. నువ్వు పక్కన కూసోని చెవిల ఏదో చెప్పినవు. చానసేపు చెప్పినవు. అమ్మ నవ్వింది. మళ్ళ నిన్ను దగ్గరికి గుంజుకోని నీ చెవిల ఏదో అన్నది. నువ్వు ఏడ్సుకుంట సరే అన్నవు. గంతే, పానం పోయింది. ఏమన్నదో నువ్వే చెప్తవని చూస్తున్న నాయినా, నేను అడుగలే. మీ ఇద్దరి ముచ్చట గద.”

చుట్టాలు పిలుస్తున్నారు, పిండాలకి పొద్దు దాటుతోందని పంతులు తొందరపెడుతున్నాడు. దశరథ కూతురి ముఖంలోకి చూశాడు. జీవితమంతా చెప్పుకోవాల్సిన మాట ఏదో చెప్పాడు. వినాల్సిన మాట ఏదో విన్నాడు. దేనికో సరే అని ఒప్పుకున్నాడు. చెప్పినప్పుడు అతను లేడు, నవ్వినప్పుడు ఆమె లేదు. ఆ మంచం మీద ఇద్దరు మనుషులు ఒకరినొకరు పట్టుకుని ఏడ్చి విడిపోయారు, ఆ ఇద్దరిలో ఒక్కరు కూడా అక్కడ లేరు.

“అవును బిడ్డా,” అన్నాడు తుండుగుడ్డ అందుకుంటూ. “ఆఖరుకు మేమిద్దరమే ఉంటిమి.”